వికారాబాద్ నుంచి జీపులో, గుట్టగుడి మూడో మెట్టు దాకా

ఈ ప్రయాణం నేను సరదాకు చేసింది కాదు. మూడేళ్లు తప్పించుకు తిరిగి, ఇక తప్పించుకునే దారి లేక చేశాను. ఎనభయ్యో దశకం మొదట్లో సంగతి. అప్పుడు నేను హైదరాబాదులో ఓ ఆఫీసులో గుమస్తాను. మా అక్క సత్తెమ్మది పరిగి. మా బావ తాండూరులో ఒక కందిపప్పు మిల్లులో కాటా దగ్గర పనిచేసేవాడు. ప్రతి సోమవారం తాండూరు బయట గుట్ట మీదున్న చిన్న శివాలయానికి వెళ్లి వచ్చేవాడు. ఆ గుడికి కొత్తగా మెట్లు వేస్తున్నారని, అందులో ఒకటి తన పేరున వేయించమని చనిపోయేముందు అక్కను అడిగాడు. ఆయన అడిగింది అదొక్కటే. ఏడాది తిరిగేదాకా అక్క గుడికి వెళ్లకూడదు కాబట్టి ఆ పని నాకు అప్పగించింది.

నేను చేసింది ఇంతే. తాండూరులో రాళ్లు చెక్కే బసప్ప అనే ఆయనకు పేరు రాసి ఉత్తరం పంపాను, వెంట మనియార్డరు చేశాను. రెండు నెలలకు, మెట్టు వేశాను వచ్చి చూసుకోండి అని కార్డు వచ్చింది. వెళ్లలేదు. ఆఫీసు, పిల్లల జ్వరాలు, అన్నిటికీ మించి బద్ధకం. అక్క అడిగితే మాత్రం వెళ్లి చూశానన్నాను. అక్కడితో ఆగినా బాగుండేది. ఎట్లున్నది తమ్మీ అని ఆమె ఆశగా అడిగేసరికి, పేరు పక్కన తామరపువ్వు కూడా చెక్కాడక్కా, ముచ్చటగా ఉంది అన్నాను. అక్కకు చదువు రాదు. పేరు చదవలేని మనిషికి పువ్వు చెబితే తృప్తిగా ఉంటుందని నోటికొచ్చింది వాగేశాను. ఆ పువ్వు సంగతి ఆమె పరిగిలో చెప్పని ఇల్లు లేదు.

మూడేళ్ల తర్వాత అక్క కబురు పెట్టింది. మోకాళ్లు పూర్తిగా పనికిరాకుండా పోకముందే ఆ మెట్టు ఒకసారి చూపించమంది. అప్పట్లో వికారాబాద్ స్టేషన్ బయటి నుంచి ఖాజా భాయి అనే ఆయన ఆదివారాలు సగం రోజు జీపు నడిపేవాడు. మనిషికి ఎనిమిది రూపాయలు. అనంతగిరి, పెద్దేముల్ దారిలో గొంగళ్లు నేసే ఇళ్లు, తాండూరు గుట్టగుడి, రాళ్లు చెక్కే చోటు చూపించి, ఒంటిగంటకు తాండూరు బస్టాండులో దింపేవాడు. ఇంతకంటే చవగ్గా ఆ దారి తిరగడం ఎవరి వల్లా కాదు. నాకు మాత్రం ఆ ఎనిమిది రూపాయలూ పెట్టి నా గొయ్యి నేనే తవ్వుకుంటున్నట్టు ఉంది.

తెల్లవారుజాము పాసింజరులో నిలబడే వచ్చాను. ఏడింటికి వికారాబాద్‌లో దిగేసరికి కాళ్లు లాగుతున్నాయి, కళ్లు మండుతున్నాయి. అక్క పరిగి నుంచి మొదటి బస్సుకే వచ్చి, స్టేషన్ బయట టీ బండి పక్కన చిన్న సంచీతో కూర్చుని ఉంది. సంచీలో రొట్టెలు, పచ్చిపులుసు సీసా, కొబ్బరికాయ, ఒక పాత బనియన్ గుడ్డ ఉన్నాయి. గుడ్డ ఎందుకని అడిగాను. మెట్టు తుడవడానికట. మూడేళ్ల దుమ్ము పట్టి పువ్వు కనబడదేమో అంది. టీ సగంలోనే పారబోశాను.

ఆరుగురు కూర్చునే జీపులో తొమ్మిది మందిమి కుక్కుకున్నాం. ముందుసీటు అక్కకు ఇప్పించాను, అదొక్కటే ఆ రోజు నేను చేసిన మంచిపని. అనంతగిరి వికారాబాద్‌కు దగ్గరే, అరగంట కూడా పట్టదు. చెట్ల మధ్య మలుపులు తిరిగే దారి, పొద్దున్నే వెళితే చల్లగా ఉంటుంది. మూసీ పుట్టేది ఈ కొండల్లోనే అంటారు. గుడిలో జనం లేరు, పూజారికి తొందర లేదు. అనంత పద్మనాభుడి ముందు అక్క కళ్లు మూసుకుని చాలాసేపు నిలబడింది. నేనూ నిలబడ్డాను. బసప్ప ఆ రాయి వేసి ఉండాలి స్వామీ, వీలైతే దాని మీద ఒక పువ్వు కూడా ఉండాలి అని మొక్కుకున్నాను. దేవుడికి కూడా నవ్వొచ్చి ఉంటుంది.

తొమ్మిదిన్నరకు కొండ దిగి తాండూరు రోడ్డు ఎక్కాం. ఎండ అప్పుడే ముదిరింది. దారి పొడవునా అక్క ఖాజా భాయికి బావ గురించి చెబుతూనే ఉంది, చివరికి పువ్వు దగ్గరికి వచ్చింది.  ఖాజా భాయి మెల్లగా అన్నాడు:

"నేను వారం వారం వస్తనమ్మా. గా మెట్ల మీద పువ్వున్నట్టు యాదికి లేదు."

గుమ్మడికాయల దొంగ అంటే భుజాలు తడుముకున్నట్టు, వెనక సీటులోంచి నేను గబుక్కున అందుకున్నాను. రోజూ చూసేవాళ్లకు అలాంటివి కంటికి ఆనవన్నాను. అద్దంలోంచి ఖాజా భాయి నన్నొకసారి చూసి, మళ్లీ రోడ్డు వైపు తిరిగాడు. మంచి మనిషి.

పెద్దేముల్ ఇంకా కొంత దూరం ఉందనగా జీపు ఒక పల్లెలోకి తిరిగింది. అక్కడ కురుమల ఇళ్ల ముందు గొర్రె ఉన్ని నూలు బారుగా లాగి కట్టి, చింతగింజల గంజి పూస్తున్నారు. ఆ గంజి పట్టడం వల్లే గొంగడిలోకి వాన నీళ్లు దిగవట. ఇంటి లోపల గుంటమగ్గంలో కాళ్లు దింపుకుని ఒక పెద్దాయన నేస్తున్నాడు. మేం వచ్చామని చేయి ఆపలేదు, అడిగినవాటికి నేస్తూనే జవాబు చెప్పాడు. ఒక గొంగడికి వారం పైనే పడుతుందన్నాడు. మాతో వచ్చినవాళ్లలో ఒకాయన కొన్న గొంగడి వాసన చూసి, ఇంటికెళ్లగానే ఉతికించాలన్నాడు. కొత్త గొంగడిని ఎవరైనా ఉతుకుతారా, గంజి పోతే అది పనికొస్తుందా అని అక్క ఆయన్ను మందలించింది. బావ గొంగడి ఇప్పటికీ తన పెట్టెలోనే ఉందని, వానాకాలంలో ఒకసారి తీసి కప్పుకుంటుందని నాకు అప్పుడే తెలిసింది. ఆ మాట విన్నాక జీపు అందరికంటే చివర ఎక్కాను.

గుట్టగుడికి చేరేసరికి పదకొండు దాటింది. అరవై చిల్లర మెట్లు. చెప్పులు కిందే వదలాలి. మొదటి నాలుగైదు మెట్లకు వేపచెట్టు నీడ ఉంది కానీ ఆ పైన పెనం మీద నడిచినట్టే. చాలా మెట్ల మీద వేయించినవాళ్ల పేర్లున్నాయి. అక్క ప్రతి మెట్టు దగ్గరా వంగి, గుడ్డతో తుడిచి, అరచేత్తో తడిమి చూసింది. తొమ్మిదో పదో మెట్టు దగ్గర మోకాళ్లు మొరాయించాయి. నన్ను పైకి పంపి, తను మెల్లగా దిగి నీడలో మూడో మెట్టు మీద కూలబడింది. నేను పైదాకా ఎక్కాను. గుడి తాళం వేసి ఉంది. దిగుతూ ఒక్కో మెట్టూ మళ్లీ చదివాను. సేట్ల పేర్లు, పటేళ్ల పేర్లు, ఎవరో తల్లీకూతుళ్ల పేర్లు ఉన్నాయి. మా బావ పేరు లేదు. అరికాళ్లు బొబ్బలెక్కాయి. నా ప్రాణం అంతకంటే ముందే అలసిపోయింది. బసప్ప కార్డు అబద్ధమా? అది అబద్ధమే అయితే మూడేళ్లుగా ఆమెకు నేనిచ్చింది ఏమిటి?

తొక్కీ తొక్కీ అరిగిపోయిందేమో అన్నాను అక్కతో.

"మూడేండ్లకే రాయి అరుగుతదా?" అంది. కాసేపు నా మొహంలోకి చూసింది. "తమ్మీ, నువ్వు నిజంగ జూసినవా?"

"చూశానక్కా," అన్నాను. మొదటి అబద్ధం బద్ధకంతో ఆడాను. ఇది తెలిసి తెలిసి, ఆమె కళ్లలోకి చూస్తూ ఆడాను. ఇప్పటికీ నన్ను బాధపెట్టేది ఈ రెండోదే.

అక్క తుడిచిన గుడ్డను దులిపి, మడిచి సంచీలో పెట్టుకుంది.

ఎలాగూ జీపు తర్వాత ఆగేది రాళ్లు చెక్కే చోటే. తాండూరు పొలిమేరలో రేకుల కింద నీలం బండలు, పసుపు బండలు నిలువుగా పేర్చి ఉన్నాయి. గాలి నిండా తెల్లటి దుమ్ము. నలుగురైదుగురు ఉలీ సుత్తీ పట్టుకుని రోళ్లు, విసుర్రాళ్లు చెక్కుతున్నారు. చూడాలనుకునేవాళ్లు నోటికి రుమాలు కట్టుకోవడం మంచిది. బసప్ప ఎవరని ఖాజా భాయిని అడిగే అవసరం నాకు రాకూడదనుకున్నాను కానీ అక్కే అడిగింది. మూలన విసుర్రాయికి గాట్లు పెడుతున్న బక్కపలచని మనిషిని ఆయన చూపించాడు. కర్ణాటక హద్దున ఉన్న బషీరాబాద్ వైపు వాడు, మాటలో కన్నడ యాస ఉంది, అవునుకు హౌదు అంటాడు. అక్క బావ పేరు చెప్పగానే ఉలి కింద పెట్టి లేచాడు.

"హౌదు, కాటా దగ్గరి సార్. వేసిన గద అక్కా. కింద నుంచి మూడోది, యాపచెట్టు నీడ పడ్తది. ఎప్పుడొచ్చినా గా మెట్టు మీద కూసొని బీడీ తాగి పైకి పోయెటోడు. అందుకే ఏరికోరి ఆడ వేసిన."

"నేను గాడనే కూసున్న," అంది అక్క నమ్మలేనట్టు. "పేరు కనవడలేదు."

బసప్ప అప్పుడు చెప్పాడు. బతికున్నవాళ్లు తమ పేరు పైకి ఉండాలంటే అది వాళ్ల ఇష్టం. పోయినవాళ్ల పేరు మీద మాత్రం ఎవరి కాలూ పడనివ్వకూడదట, అది వాళ్ల తాత నాటి నుంచి వస్తున్న పద్ధతి. పేరు పూర్తిగా చెక్కి, పసుపు కుంకుమ పెట్టి, ఆ వైపు మట్టిలోకి తిప్పి మెట్టు పరుస్తారు. మట్టికి తెలిస్తే చాలు అంటారట. ఇది ఉత్తరంలో రాసే సంగతి కాదని, చూడటానికి వచ్చినవాళ్లకు చెబుదామని ఊరుకున్నాడు.

"ఎవ్వరు రాలె," అన్నాడు.

అక్క ఊపిరి పీల్చుకోవడం నాకు వినిపించింది. మొహంలో పొద్దుటి నుంచి ఉన్న బరువు దిగిపోయింది. నేను కూడా ఒక్క క్షణం తేలికపడ్డాను, మెట్టు ఉంది కదా అని. ఆ వెంటనే నాకు అర్థమైంది. నాకంటే ముందే అక్కకు అర్థమైంది.

"మరి పువ్వు?" అని బసప్పను అడిగింది.

"పువ్వేంది? పువ్వు చెక్కమని ఎవ్వరు చెప్పలె."

సుత్తి చప్పుళ్లు ఆగలేదు. ఖాజా భాయి జీపు వైపు నడిచి టైరు చూస్తున్నట్టు వంగాడు. అక్క నా వైపు తిరిగింది. తిడుతుందని ఎదురుచూశాను, తిట్టి ఉంటే సుఖపడేవాణ్ని.

"కనవడని పేరు నువ్వెట్ల జూసినవ్ తమ్మీ?" అంది.

రాలేదని, ఒక్కసారి కూడా ఈ ఊరి మొహం చూడలేదని చెప్పాను.   అక్క బసప్ప వైపు తిరిగింది. మెట్టు ముందంచు మీద, కాలు పడని చోట, ఒక తామరపువ్వు చెక్కడం అవుతుందా అని అడిగింది. అవుతుందన్నాడు.

"చెక్కు," అంది. "పరిగి మొత్తం చెప్పుకున్న. నా తమ్ముని మాట అబద్ధం గావొద్దు."

ఒంటిగంటకు ఖాజా భాయి మమ్మల్ని తాండూరు బస్టాండులో దింపాడు. పరిగి బస్సు రావడానికి ఇంకా గంట ఉంది. సిమెంటు బల్ల మీద కూర్చుని అక్క రొట్టెలు విప్పింది. నాకు రెండు, తనకు ఒకటి. తినకపోతే కోప్పడింది. బస్సు ఎక్కేటప్పుడు చెప్పింది, పువ్వు అయ్యాక నన్నే వెళ్లి చూసి, ఎట్లుందో వచ్చి చెప్పమని. మళ్లీ నన్నే. బస్సు కదిలాక స్టేషనుకు నడిచి, సాయంత్రం పాసింజరు కోసం కూర్చున్నాను. అంత అలసట నా జీవితంలో మళ్లీ ఎరగను. అది ఎండ వల్లా, జీపు కుదుపుల వల్లా వచ్చింది కాదు. మూడేళ్లు మోసినది దించుకున్నాక గానీ భుజాలు ఎంత నొప్పి పెట్టాయో తెలియలేదు.

నెల తిరిగాక వెళ్లాను. ఒక్కణ్నే, ఆఫీసుకు సెలవు పెట్టి. అటు నుంచి అటే పరిగి వెళ్లి అక్కకు చెప్పాను. అన్నీ విని, చివర ఒక్కటే అడిగింది: ఎన్ని రెక్కలు? ఎనిమిది అన్నాను. లెక్కపెట్టుకునే వచ్చాను. ఆ దారులు, ఆ జీపులు, ఆ ధరలు ఇప్పుడు మారిపోయి ఉంటాయి, అవి నన్ను అడగొద్దు. ఒక ప్రయాణం గురించి పదిమందికి చెప్పేముందు ఆ ప్రయాణం చేసి ఉండాలని మాత్రం నాకు అక్కడే తెలిసింది. ఇప్పుడిది రాయగలుగుతున్నది కూడా అందుకే.

ఆ వైపు వెళ్లేవాళ్లకు ఒక్క సలహా. గుట్టగుడి మెట్లు పొద్దున పదిగంటలు దాటితే కాలిపోతాయి కాబట్టి, జీపు మాట్లాడుకునేటప్పుడే అనంతగిరి చివర పెట్టించుకుని తాండూరు వైపు ముందు వెళ్లండి. కాళ్లు లాగితే కింద నుంచి మూడో మెట్టు మీద కూర్చోండి, మధ్యాహ్నం దాకా నీడ ఉంటుంది. కూర్చునే ముందు ఒకసారి వంగి దాని ముందంచు చూడండి. నా మాట నమ్మనక్కర్లేదు.