బాలయ్య మేస్త్రీ ఎడమ చెయ్యి

జనాన్ని ఏడిపించాలని తయారుచేసిన సినిమాతో ఒక ఊరిని పొర్లి పొర్లి నవ్వించి, కుదరబోయే పెళ్లి సంబంధాన్ని గంగపాలు చేయబోయిన ఘనత నాది. ఎలాగో వినండి.

రెండువేల సంవత్సరం దాటిన కొత్తలో పత్రిక ఉద్యోగం వదిలి డాక్యుమెంటరీల ఎడిటర్‌నయ్యాను. కంప్యూటర్ ముందు కూర్చుని సమాజాన్ని బాగుచేసెయ్యొచ్చని గట్టి నమ్మకం. వలస కూలీల మీద సినిమా. పాన్‌గల్ దగ్గరి బాలయ్య మేస్త్రీ ఊరు విడిచి పనికి పోయేముందు ఇంట్లో బువ్వ తింటుంటాడు, భార్య మణెమ్మ ఎదుట కూర్చుని ఉంటుంది. విడివిడిగా తీసిన షాట్లలో ఇద్దరూ ఒకే దిక్కు చూస్తున్నారు, అలిగి బస్సులో ముందొకరు వెనకొకరు కూర్చున్నట్టు. ఎదురెదురుగా ఉంటేనే కదా ప్రేక్షకుడికి కన్నీళ్లు! మీట నొక్కి బాలయ్య షాటును అద్దంలో బొమ్మలా తిప్పేశాను.

వాళ్ల ఊళ్లోనే తెర కట్టాం. కొడుక్కి పిల్లనివ్వబోయే ఇటిక్యాల పెద్దమనిషిని బాలయ్య ముందు వరసలో కూర్చోబెట్టుకున్నాడు. తెరమీద తనను చూస్తే సంబంధం ఖాయమని ధీమా.

బువ్వ సీను వచ్చింది. సన్నాయి ఏడ్చింది. జనం విరగబడి నవ్వారు. వెనకనుంచి ఎవరో అరిచారు.

“ఓ మేస్త్రీ! గిదేంది, ఎడమ చేత్తోని బువ్వ తింటున్నవ్?”

“అమ్మతోడు, నేనెన్నడు గట్ల తినలె!”

పెద్దమనిషి మొహం మాడిపోయింది. “కండ్ల ముంగట కనబడుతుంటే తినలేదంటవేంది? గిసొంటి ఇంటికి పిల్లనెట్లియ్యాలె?”

నేను పరుగెత్తాను. “తప్పు నాది, పెద్దాయనా! బొమ్మను నేనే తిప్పిన.”

“ఎందుకు తిప్పినవ్?”

“మేస్త్రీ భార్య దిక్కు చూస్తున్నట్టు ఉండాలని.”

మణెమ్మ కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది. “లగ్గమైనకాడికెల్లి నా దిక్కు సక్కగ సూసింది లేదు. నీ సిన్మాల సూస్తడా, సారూ?”

ఎడిటర్ ఒకటి తలిస్తే తెర ఒకటి తలుస్తుంది. ఎంత చెప్పినా పెద్దమనిషి నమ్మలేదు. చివరికి మణెమ్మే, “జర ఇంటికొచ్చి ఆయన చెయ్యి మీరే సూడుండ్రి” అని అందరికీ జొన్నరొట్టె, పుంటికూర వడ్డించింది. బాలయ్య తన కుడిచేతిని పల్లకీలో దేవుడిలా ఊరేగించి రొట్టె తుంచాడు. పెద్దమనిషి చూపు మాత్రం నా కంచం మీద ఉంది. నేను ఎడమచేత్తో తింటున్నాను. పుట్టుకతో వచ్చిన వాటం. ఆ షాటులో తేడా నా ఒక్కడి కంటికే ఆనకపోవడానికి కారణం ఇంకేముంటుంది?

“దొంగ ఈడున్నడు!” అని ఆయన పకపకా నవ్వాడు. “మేస్త్రీ, పరేషాన్ గాకు. లగ్గం పెట్టుకుందం.”

అన్నం ముందు కూర్చున్న మనిషిని ఈ జన్మలో మళ్లీ తిప్పనని అక్కడే కంచం మీద చెయ్యి పెట్టి ప్రమాణం చేశాను. ఏ చెయ్యో మాత్రం అడక్కండి.