మగ్గం చప్పుడు ఆగితే

కొత్తవాడలో జంపఖానాలు నేసే పర్శరాములు భార్య సరోజన. పొద్దంతా గడప పక్కన రాట్నం ముందు కూర్చుని, మగ్గం మీద అటూ ఇటూ తిరిగే నాడెలో పెట్టే కండెలకు నూలు చుడుతుంది. ఎడమచేతి వేలి మీద నూలు కోసిన గీతకు పసుపు అద్దుకుంటుంది. వెనక మగ్గం మీదున్న మొగుడి వైపు చూడదు. కండెలో నూలు అయిపోయి మగ్గం చప్పుడు ఆగితే చాలు, బుట్టలోంచి ఒక కండె తీసి వెనక్కి చాస్తుంది. ఆయన అందుకుంటాడు. ఆ ఇంట్లో మాటలకన్నా అదే ఎక్కువ.

కాలేజీ ప్రాజెక్టు కోసం తేజస్విని అనే అమ్మాయి ఆమె మీద చిన్న సినిమా తీసింది. మొదటిరోజు సరోజన పెళ్లిళ్లకు కట్టే చీర కట్టింది. మర్నాటికి కెమెరా సంగతే మరిచింది. ఆఖరిరోజు ఆ పిల్ల మగ్గం ఆపించి, ఆమెను కుర్చీలో కూర్చోబెట్టి, "నీ గురించి చెప్పు పెద్దమ్మా" అంది. సరోజన నోరు తెరిచి, వెనక్కి చూసి, మూసేసింది. "చప్పుడు బంద్ జేస్తే నాకు మాట రాదు బిడ్డా. జర నడవనియ్యి."

మగ్గం నడిచింది. ఆమె నవ్వుతూ చాలాసేపు చెప్పింది. ఆ మోతలో రికార్డులో ఒక్క ముక్క వినబడలేదు. తేజస్విని దాన్ని సినిమాలో అట్లాగే ఉంచింది.

అంతా అయ్యాక లాప్‌టాప్ తెచ్చి వాళ్లింట్లోనే చూపించింది. సరోజన తన చోట్లోనే కూర్చుంది. పర్శరాములు మగ్గం దిగొచ్చి ఆమె పక్కన కూర్చున్నాడు. "గింత ముసల్దాన్నయిన్నా?" అందామె, అంతే. చివర్లో బొమ్మ పోయి, సినిమాలో మగ్గం చప్పుడు ఆగింది. తెర మీంచి కళ్లు తీయకుండానే ఆమె బుట్టలోంచి కండె తీసి, వెనక ఖాళీగా ఉన్న మగ్గం వైపు చాచింది. పర్శరాములు ఆ కండె అందుకుని, లేచి పనిలోకి దిగాడు.