భుజం మీది చెయ్యి

అది 2022, సౌదీ అరేబియా. జుబైల్‌లో షట్‌డౌన్ నడుస్తున్న చలికాలం. షట్‌డౌన్ అంటే ఫ్యాక్టరీని కొన్నాళ్లు ఆపి మరమ్మతులు చేయడం. వెల్డర్లు, ఫిట్టర్లు ఊరినిండా దిగుతారు కాబట్టి మా ఫొటో స్టూడియోకి కూడా అదే సీజన్. ఇక్కడ ఉండేందుకిచ్చే ఇకామా కార్డులకు ఫొటోలు తీయడం సగం పని. ఇంటికి పంపే ఫొటోల్లో మనిషిని తెల్లగా చేసి, కోటు తొడిగి, వెనక పూలతోట పెట్టడం మిగతా సగం. దీన్నే రీటచ్ అంటాం. జగిత్యాలలో నేర్చుకున్న విద్య. ఎడారిలో నిలబడ్డవాడి వెనక ఊటీని పెట్టి ఇస్తాను, ఇంట్లోవాళ్లు సంతోషిస్తారు.

ఈ విద్యంటే అస్సలు గిట్టని మనిషి ఒకాయన ఆ చలికాలంలో మా కౌంటర్ దగ్గరికి వచ్చారు. పేరు వర్తాన్. ఆర్మేనియన్ అమెరికన్, పత్రికలకు ఫొటోలు తీసే ఫొటో జర్నలిస్టు. బీరూట్‌లో స్టూడియో నడిపే ఇంట్లో పుట్టి, చిన్నప్పుడే అమెరికా వెళ్లి, ఒక పత్రిక డార్క్‌రూమ్‌లో ఫిల్ము కడిగే పనిలో చేరారట. తర్వాత వయసంతా యుద్ధాల వెంట తిరిగారు. కువైట్ యుద్ధమప్పుడు ఇదే తీరాన సరిహద్దు ఊరు ఖఫ్జీలో ఉన్నారు. నాతో అరబ్బీలో మాట్లాడేవారు, నన్ను సదీక్ అని పిలిచేవారు. అంటే స్నేహితుడా అని.

"చచ్చిపోయినవాళ్లను చాలామందిని తీశాను సదీక్. ఇక కష్టం చేసుకునేవాళ్లను తీస్తాను" అన్నారు.

ఫ్యాక్టరీ లోపల కెమెరా నిషిద్ధం. అందుకని అనుమతి తీసుకుని, శుక్రవారం సెలవునాడు కార్మికుల క్యాంపుకు వెళ్లి తీసేవారు. ఆయనకు రెండు నియమాలు. ఫొటోలోని మనిషికి ఇచ్చాకే పత్రికకు పంపాలి, అందుకే ప్రింట్లకు మా దగ్గరికి వచ్చేవారు. రెండోది, తీసిన ఫొటోను ముట్టుకోకూడదు. అంచులు కోయడాన్ని మేం క్రాప్ అంటాం. వెంట్రుకవాసి క్రాప్ చేసినా ఒప్పుకునేవారు కాదు. నా కంప్యూటర్ మీద ఎవరి మొహమో నున్నగా కనిపిస్తే, "పాపం, ఈయన మచ్చలేం చేశాయి నిన్ను?" అనేవారు. మొండివాడు రాజుకన్నా బలవంతుడు కదా, నేను నవ్వి ఊరుకునేవాణ్ణి.

ఆయన తీసినవాటిలో ఒకటి లచ్చన్నదీ రాజమల్లుదీ. ఇద్దరూ వెల్డర్లు, జగిత్యాల పక్క ఒకే ఊరివాళ్లు. క్యాంపు మెట్ల మీద కూర్చున్నారు. రాజమల్లు ఏదో అన్నాడు, లచ్చన్న తల వెనక్కి వేసి నవ్వుతున్నాడు. రాజమల్లు చెయ్యి అతని భుజం మీద ఉంది.

ప్రింటు అందిన కొద్దిరోజులకే లచ్చన్న పడుకున్నవాడు పడుకున్నట్టే పోయాడు. గుండెపోటన్నారు. శవాన్ని ఊరికి పంపే కాగితాలు కఫీలు, అంటే పనికి తెచ్చుకున్న యజమాని, దగ్గర తిరుగుతున్నాయి. వెంట రాజమల్లు వెళ్తున్నాడు. అప్పుడు లచ్చన్న భార్య లక్ష్మి నాకు ఫోన్ చేసింది.

"అన్నా, ఆయనది గోడకు పెట్టుకునేటందుకు ఒక ఫొటో చేసియ్యే. ఇకామా ఫొటోల పట్టుకొచ్చిన దొంగ లెక్కున్నడు. వాట్సప్‌ల ఉన్నయి పెద్దగ చేస్తే పలుగుతున్నయి. ఆయన నవ్వంగ తీసింది, మెట్లమీదిది, మొన్న నాకు పంపిండు. గదే కావాలె. రాజమల్లు బావను తీసెయ్యి. బతికున్న మనిషికి దండెయ్యద్దు గదా. ఆయనకూ పిల్లలున్నరు."

ఆమె మాట న్యాయమైనది. దండ వేసే ఫొటోలో పోయినవాళ్లు తప్ప ఇంకొకరు ఉండకూడదు. మన ఇళ్లలో ఎవరూ ఉంచరు. కానీ ఫొటో వర్తాన్ గారిది. ఆయన్నడగకుండా కోస్తే మా వృత్తిలో అది దొంగతనమే. రాజమల్లునూ, ఆయన్నూ స్టూడియోకి పిలిచాను.

వర్తాన్ గారు విన్నారు. "కుదరదు" అన్నారు. నాకు ఒళ్లు మండింది. అక్కడొక ఆడమనిషి భర్త ముఖం కోసం ఏడుస్తుంటే ఈయనకు నియమాలా అనిపించింది. ఆ మాట అనేశాను కూడా.

ఆయన కోపగించుకోలేదు. పర్సులోంచి ఒక పాత ఫొటో తీసి బల్ల మీద పెట్టారు. పదేళ్ల పిల్ల నిలబడి ఉంది. పక్కన కత్తెరతో కోసేశారు. పిల్ల భుజం మీద మాత్రం ఒక చెయ్యి మిగిలింది.

"మా నాయనమ్మ. వందేళ్ల కింద తుర్కులు మా ఆర్మేనియన్లను ఊళ్లకు ఊళ్లు తరిమేసినప్పుడు దీన్ని పట్టుకుని నడిచొచ్చింది. ఈ చెయ్యి ఎవరిదని అడిగిన ప్రతిసారీ లేచి వంటింట్లోకి వెళ్లిపోయేది. చెప్పకుండానే పోయింది. అమ్మదో, అక్కదో! ఆ చెయ్యి చూస్తూనే నేను ఫొటోలు తీయడం మొదలుపెట్టాను. నన్ను మనిషిని కోయమనకు, సదీక్."

రాజమల్లు అడిగితే తెలుగులో చెప్పాను. అతను ఆ పాత ఫొటోను చేతిలోకి తీసుకుని చాలాసేపు చూశాడు.

"సారుకు చెప్పన్నా" అన్నాడు. "నన్ను తీసెయ్యమను. చెయ్యి ఉండనియ్యమను."

"దండ నీ చేతిమీద పడ్తది రాజమల్లూ. ఇంట్ల తెలిస్తె ఊకుంటరా?" అన్నాను.

"పడనియ్యి. పొద్దుగాల నేనే లేపిన వాణ్ణి. ఇట్ల భుజం పట్టే ఊపిన, లెవ్వలేదు." పాత ఫొటోను తిరిగి బల్ల మీద పెట్టాడు. "ఇంటిదాక వాని వెంటనే పోతున్న. ఫొటోల మటుకు చెయ్యెందుకు తియ్యాలె?"

ఆ మాటలు అరబ్బీలోకి మార్చేటప్పుడు నాకు ఏడుపాగలేదు. వర్తాన్ గారు లేచి, నన్ను పక్కకు జరగమని, నా కుర్చీలో కూర్చున్నారు. తన ఫొటోను తానే కోశారు. చెయ్యి దగ్గర ఆగిపోయారు. లచ్చన్న ముఖాన్ని నన్ను ముట్టుకోనివ్వలేదు, నాకూ ముట్టుకోబుద్ధి కాలేదు.

రెండు ప్రింట్లు తీశాం. కోసినది గోడకు, కోయనిది పెట్టెలో దాచుకోవడానికి. "కాప్షన్ లేని ఫొటో సగం ఫొటోనే" అన్నారాయన. కాప్షన్ అంటే ఫొటో కింద రాసే వివరం. ఆయన చెబుతుంటే రెండింటి వెనకా నేను తెలుగులో రాశాను: "లచ్చన్న. భుజం మీది చెయ్యి స్నేహితుడు రాజమల్లుది. జుబైల్."

కర్మకాండ అయ్యాక లక్ష్మి ఫోన్ చేసింది. "చిన్నది అడిగిందన్నా, బాపు మీద చెయ్యెవలిదే అమ్మా అని. రాజమల్లు పెద్దబాపుదే బిడ్డా అన్న. ఎనకకు తిప్పి సదువుకున్నది."

అప్పటికి వర్తాన్ గారు అమెరికా వెళ్లిపోయారు. ఫోన్ చేసి చెప్పాను.

"అడగగానే చెప్పిందా?" అన్నారు.

"అడగగానే చెప్పింది సార్."

ఇప్పటికీ కోట్లు తొడుగుతున్నాను, ఊటీలు పెడుతున్నాను. పొట్ట గడవాలి కదా. కానీ ఇద్దరున్న ఫొటో ఏదైనా, వెనక పేర్లు రాయందే కౌంటర్ దాటనివ్వను. ఫొటో దిగిన మావైపు కుర్రాళ్లు నవ్వుతారు. "మేమెవలమో మాకు తెల్వదా అన్నా?" అంటారు.

మీకు తెలుసురా. మీరు లేనప్పుడు అడిగేవాళ్ల కోసం రాస్తున్నాను.