గడువు దాటిన సంతకం

మా సీనియర్ గారు పోయారు. శుక్రవారం పొద్దున్న రాజమండ్రిలో, కోర్టుకి బయల్దేరబోతూ కుర్చీలో కూలబడ్డారట, అంతే. ఫోన్ వచ్చేసరికి నేను పాలకొల్లులో ఉన్నాను. అప్పట్నుంచీ నాకు కాలు నిలవడం లేదు. ఆయన ఆఫీసులో ఏ ఫైలు తెరిచినా రెండు పేజీలు దాటడం లేదు. ఇది రాస్తూ కూడా ఎన్నిసార్లు లేచానో! ఆయన ఉంటే "కూర్చో అమ్మాయ్, గడువు క్లయింటుకి, నీకు కాదు" అనేవారు.

గడువు దాటిన అప్పీళ్ళంటే ఆయనకి అదో పిచ్చి. మిగతా లాయర్లు తిప్పి పంపేసిన వాళ్ళంతా మా గుమ్మంలో తేలేవారు. అప్పీలు ఆలస్యమైతే, ముందు ఆ ఆలస్యాన్ని మన్నించమని పిటిషన్ పెట్టుకోవాలి. కారణం సబబుగా ఉందని జడ్జి గారికి తోస్తేనే అసలు కేసు వింటారు. అలాంటి మనిషి రాగానే ఈయన ఫ్యాన్ ఆపేసేవారు, మాట సరిగ్గా వినపడాలని. మే నెల్లో కూడా! నేను చెమటతో ఉడికిపోతూ లోపల్లోపల తిట్టుకునేదాన్ని.

ధవళేశ్వరం దిగువ నుంచి చేపలమ్ముకునే ఆవిడ వచ్చినప్పుడూ అంతే. ఇంటి స్థలం కేసులో ఆవిడ భర్త ఓడిపోయాడు. అప్పీలు వేసేలోపే వరద గోదావరిలో అతని పడవ తిరగబడింది. శవం దొరకలేదు. ఏడాది గడిచాక, ఇల్లు ఖాళీ చెయ్యమని కోర్టు అమీను వచ్చాడు. అప్పుడు అక్కా తమ్ముడూ పరిగెత్తుకొచ్చారు. ఆవిడ తమ్ముడు తెలివిగా, అక్కకి కామెర్లొచ్చాయని డాక్టరు సర్టిఫికెట్ కూడా పట్టుకొచ్చాడు.

"మన కోర్టులో లేటయిన ప్రతి అప్పీలుకీ కామెర్లేనయ్యా," అన్నారు సీనియర్ గారు. "ఆలస్యానికి అబద్ధం తోడైతే జడ్జి గారు రెండూ కలిపి బయట పారేస్తారు. నువ్వు చెప్పమ్మా, ఎందుకు రాలేదు?"

ఆవిడ తల దించుకునే చెప్పింది.

"అప్పటి లాయరు గారు అప్పీలులో మా ఆయన చచ్చిపోయారని రాసి, పెళ్ళాంగా నన్ను సంతకం పెట్టమన్నారండి. శవాన్ని చూడకుండా నా చేత్తో ఎలా పెట్టనండి? ఎక్కడో ఒడ్డుకి చేరుంటారని ఎదురు చూశానండి."

ఆ మాటలే పిటిషన్లో రాయించారు. నేను ససేమిరా అన్నాను, నవ్వుతారండి సార్ అన్నాను. ఇదొక కారణమా అని అవతలి లాయరు నిజంగానే నవ్వాడు. "మేం కారణం వెతుక్కుని రాలేదండి, జరిగింది చెబుతున్నాం," అని సీనియర్ గారు ఆవిణ్ణి ముందుకి రమ్మన్నారు. మరి ఇప్పుడెందుకు సంతకం పెట్టావమ్మా అని జడ్జి గారు అడిగారు.

"పిల్లలు రోడ్డున పడతారని పెట్టానండి. నమ్మి కాదండి."

జడ్జి గారు ఆలస్యాన్ని మన్నించారు. ఆ మధ్యాహ్నం సీనియర్ గారు భోజనం చెయ్యకుండా వరండాలో అటూ ఇటూ తిరుగుతూనే ఉన్నారు. గెలిచాం కదండీ అన్నాను. "గెలిచాం. ఆవిడ చేత ఆ మాట అనిపించి గెలిచాం," అన్నారు. ఆ మనిషి మీద నాకు ఎంత ప్రేమో ఆ పూట తెలిసింది.

ఇల్లు మాత్రం ఇంకా దక్కలేదు. అసలు అప్పీలు ఈ సోమవారం వాదనకి ఉంది. ఆయనే వాదించాలి. ఇప్పుడు నేను.

నిన్న ఆవిణ్ణి పిలిపించాను. సీనియర్ గారు మరణించారని కోర్టుకి ఒక మెమో, నా పేరున కొత్త వకాల్తా. రెండింటి మీదా ఆవిడా నేనూ సంతకాలు పెట్టాలి. చదివి వినిపిస్తుంటే 'మరణించారు' దగ్గర ఆగిపోయాను. మళ్ళీ ఈవిడ చేతే ఈ మాట మీద సంతకమా అని నా మీద నాకే ఒళ్ళు మండింది. "పర్లేదమ్మా, రేపు పెడుదువుగాని," అన్నాను.

"రేపెందుకండి? ఈ బాబుగార్నైతే చూశాను కదండి. కాళ్ళకి దణ్ణం కూడా పెట్టుకున్నాను," అని పెన్ను తీసుకుని రెండింటి మీదా పెట్టేసింది.

సోమవారం లోపు కింద నా సంతకం కూడా పడకపోతే, ఆ ఇంటి కోసం నోరెత్తే మనిషి ఉండదు. తెలుసు. నేనింకా పెట్టలేదు.