అత్త చీటీలో రెండు దెబ్బలు

మా మేనత్త గోల్ఫ్ ఆడేదంటే పుదుచ్చేరిలో మా చుట్టాలే నమ్మేవారు కాదు. తరతరాలుగా పొలాలు చేయించిన ఇంటి ఆడపిల్ల. పెళ్ళయి నీలగిరిలో టీ తోటల మధ్యకు వెళ్ళి, అక్కడి క్లబ్బులో ఆ ఆట నేర్చుకుంది. మావాళ్ళలో ఆ కర్ర పట్టిన మొదటి ఆడమనిషి ఆవిడే. కుచ్చిళ్ళు ఎగదోపి, కాన్వాసు బూట్లు తొడుక్కుని వస్తే క్లబ్బులో మగవాళ్ళు నవ్వారట. రెండేళ్ళు వరసగా కప్పు ఎగరేసుకుపోయాక నోళ్ళు మూసుకున్నారట.

మావయ్య పోయాక ఆవిడ నటేశన్ నగర్‌లో మా పక్కింటికి వచ్చేసింది. సెల్‌ఫోన్లు అప్పుడప్పుడే ఇంటింటికీ చేరుతున్న రోజులు. నాకు చదువైపోయింది, ఉద్యోగం రాలేదు. ఊరికే తిని కూర్చున్నానని అత్త తన కర్రల సంచి నా భుజాన వేసింది. ఊళ్ళో ఆ ఆటకు మైదానం ఎక్కడిది? సోలై నగర్ దగ్గర సముద్రపు ఒడ్డున, తడిసి గట్టిపడ్డ ఇసుకలో బంతి పడాల్సిన గుంటలకు బదులు మూడు పాలపొడి డబ్బాలు పాతాం. పొద్దున్నే చేపల తట్టతో పోయే ఒకావిడ రోజూ ఆగి, డబ్బాల్లో ఏం దాచారని తమిళంలో అడిగేది. అత్త రోజుకో అబద్ధం చెప్పేది. ఆటలో మాత్రం చెప్పేది కాదు.

ఒకరోజు చెన్నై నుంచి పాత స్నేహితురాలి ఉత్తరం వచ్చింది. పెద్దవయసు ఆడవాళ్ళకు పోటీ పెడుతున్నారు, నువ్వు రావాలి అని. అప్పటికే అత్త చూపు సన్నగిల్లుతోంది. ఇక మెరుగయ్యేది కాదని డాక్టరు చెప్పేశాడు. అంటే ఇదే ఆఖరి అవకాశం.

"పోతే ఆడేదానికి పోవాల పాపా. గుడ్డి ముసలిదని జాలిపడి చప్పట్లు కొట్టించుకునేదానికి కాదు," అంది. తనకు తానే ఒక పరీక్ష పెట్టుకుంది. మూడు డబ్బాలూ ఇరవై దెబ్బల్లో ముగిస్తే చెన్నై. ఒక్కటి దాటినా, రాలేనని ఉత్తరం ముక్క రాసి సరి. పరీక్ష ఒక్కసారే.

ఆ రోజు అత్త చేయి భలే ఆడింది. బంతి ఎక్కడ పడిందో కనబడదు కాబట్టి నేను ముందు పరిగెత్తి కేకేసేదాన్ని. మూడో డబ్బా దగ్గరికి వచ్చేసరికి బంతి పోయి పడవ లాగిన గాడిలో కూరుకుపోయింది.

"యాడ పడిందే?"

"పడవ గాడిలో, అత్తా!" అని అరిచాను. గాడిలోంచి తీయాలంటే దెబ్బలు పెరుగుతాయి. ఆవిడ ఇసుకలో మెల్లగా, ఆశగా నడిచి వస్తోంది. ఆ మొహం చూసి తట్టుకోలేకపోయాను. బొటనవేలితో బంతిని పక్కనున్న చదును ఇసుక మీదికి నెట్టేశాను.

అత్త వచ్చి కొట్టింది. బంతి తేలిగ్గా లేచిపోయింది. మరి రెండు దెబ్బల్లో డబ్బాలో పడింది. మొత్తం పంతొమ్మిది! నేను గంతులేస్తున్నాను. అత్త దెబ్బల లెక్క రాసే చీటీ తీసింది గానీ ఏమీ రాయలేదు.

"గాడిలో బంతి అట్ట లేచేది కాదే. కర్రకి ఇసకే తగల్లేదు. కాలితో జరిపినావా?"





"జరిపాను అత్తా. తప్పు నాది. నీకు తెలియదు కదా."

"సంచి మోసేవాళ్ళు చేసింది ఆడేవాళ్ళు చేసినట్టే. జరిపిన బంతిని కొడితే శిక్ష రెండు దెబ్బలు. కలపాల," అంది. కోపం లేదు, గొంతు కూడా పెరగలేదు. చీటీని కళ్ళకు ఆనించుకుని, పంతొమ్మిది రాసి, కింద రెండు వేసి, ఇరవై ఒకటి అని సంతకం పెట్టింది. రేపు మళ్ళీ ఆడమని కాళ్ళావేళ్ళా పడ్డాను. వినలేదు. రాలేనని చెన్నైకి రాసిన ఉత్తరాన్ని నా చేతే పోస్టు చేయించింది.

ఆ చీటీ ఇప్పటికీ నా దగ్గరుంది. తీసినప్పుడల్లా ఏడుపొస్తుంది. గాడిలోంచి బంతి తీయడానికి, అత్త చేతికి, మహా అయితే ఒక దెబ్బ ఎక్కువయ్యేది. నేను కాలు పెట్టకుండా ఉంటే సరిగ్గా ఇరవైతో ఆవిడ చెన్నై వెళ్ళేది.