మా డైరెక్టరుగారు కోయనివ్వని సీను

మొన్న ఆదివారం ఇక్కడ అమెరికాలో, హెర్న్‌డన్‌లో మా అమ్మాయి ఇంట్లో టీవీ ముందు కూర్చుంటే, పాత ఇంగ్లీషు సినిమాల వరసలో నేనెరిగిన పేరొకటి కనబడింది. ప్రాణం లేచొచ్చి, ఇది నేను పనిచేసిన సినిమానే తల్లీ అని మనవరాల్ని బతిమాలి పెట్టించుకున్నాను. పాపం, అంతా బుద్ధిగానే చూసింది. సరిగ్గా ఆఖరి సీను రాగానే రిమోట్ మీద బొటనవేలు నొక్కి ముందుకు దూకించేసింది.

"ఏం చేశావే!" అని అరిచాను.

"అమ్మమ్మా, ఆ లేడీ జస్ట్ పొటాటోస్ పీల్ చేస్తుంది కదా, ఏం అవ్వట్లేదు. సో స్కిప్ చేశా."

అరికాలి మంట నెత్తికెక్కింది. ఏం అవ్వట్లేదట! వెనక్కి తిప్పమని నేననేలోగా, ఇంకేదో సినిమా దానంతటదే మొదలైపోయింది.

నా ఈడువాళ్ళకి చెప్పుకుంటేనైనా ఈ మంట చల్లారుతుందేమో. మావారు లండన్‌లో పెద్ద డాక్టరు చదువు చదివే రోజుల్లో, ఇంట్లో గోళ్ళు గిల్లుకుంటూ కూర్చోలేక, మేమద్దెకున్న ఇంటావిడ చలవతో ఒక సినిమా కంపెనీ ఎడిటింగ్ గదిలో ఫిల్ము ముక్కలు అతికించే పనికి చేరాను. ఆ జిగురు వాసన అన్నం కలుపుకునేటప్పుడు కూడా వేళ్ళని వదిలేది కాదు, దానికి మావారు రోజూ సణిగేవారు. ఆ కంపెనీకి నిర్మాతా, దర్శకుడూ ఒక్కరే, ఎప్పుడూ నలిగిన కోటుతో తిరిగే పొడుగాటి దొర. ఆయనకో అలవాటుండేది. ప్రతి సీనూ శబ్దం ఆపేసి నాకు చూపిస్తూ, తెర వంక కాక నా మొహం వంక చూసేవారు. నా ఇంగ్లీషు అంతంతమాత్రం కదా, మాటలు అందని మనిషికి కూడా కథ అందితేనే సీను నిలిచినట్టని ఆయన నమ్మకం.

ఆ ఆఖరి సీనులో, కొడుకు ఎక్కిన ఓడ మునిగిపోయిందన్న కబురు విన్న తల్లి ఏడవదు, పెదవి విప్పదు, రాత్రి వంటకి బంగాళాదుంపల చెక్కు తీస్తూ కూర్చుంటుంది. వాడికి కూడా కలిపి తీస్తుంది. అంతే, ఇంకేమీ లేదు. నేను వెక్కి వెక్కి ఏడ్చాను. ఆయన జేబురుమాలు నా చేతికిచ్చి, ఇందులో ఒక్క ఫ్రేము ముట్టుకోవద్దని అందరికీ చెప్పారు.

తరవాత పెట్టుబడి పెట్టిన పెద్దమనుషులు దిగారు, చుట్టలూ, ఖరీదైన కోట్లూను. ఇంతసేపు దుంపలెవడు చూస్తాడు, అమెరికాలో హాలు ఖాళీ అయిపోతుంది, కోసెయ్యమన్నారు. నిర్మాతగా తలూపి ఉంటే దర్శకుడిగా బతికిపోయేవారు. ఊపలేదు. ఆ పాపిష్టి వెధవలు పగబట్టి, సినిమాని ఊరి చివరి హాళ్ళలో వేసినట్టే వేసి తీసేశారు. మళ్ళీ ఎవరూ ఆయన చేత సినిమా తీయించలేదు. కొన్నాళ్ళు ఇతరుల చవకబారు సినిమాలకి నిర్మాతగా పేరు పెట్టుకుని, చివరికి టీవీకి సబ్బు ప్రకటనలు తీసే స్థితికి వచ్చారు. మేము అమెరికా ప్రయాణమై సెలవు తీసుకుందామని వెళ్ళిన రోజున, నురగ సరిగ్గా రాలేదని సబ్బు కంపెనీవాడెవడో ఆయన్ని అందరి ముందూ చీవాట్లు పెడుతున్నాడు. ఆయన తల వంచుకుని వింటున్నారు. వాడి నోరు పడిపోను! ఇప్పటికీ తలుచుకుంటే నా ఒళ్ళు మండిపోతుంది. ఇప్పుడేమో టీవీలో ఆ సినిమా బొమ్మ పక్కన మహా కళాఖండమని రాసుకున్నారు, సిగ్గు లేకుండా. ఆయన బతికుండగా ఏమైంది ఈ మెచ్చుకోలు?

మనవరాలు సారీ చెప్పిందిలెండి, దాని మీద నా కోపం సాయంత్రానికే పోయింది. పోనిది ఇంకోటి. ఆ రోజుల్లో ఆ మౌనాన్ని కోయించడానికి గది నిండా పెద్దమనుషులు వచ్చినా ఆయన కోయనివ్వలేదు, తన బతుకే అడ్డం పెట్టారు. ఇవాళ దానికి ఒక పిల్ల బొటనవేలు చాలింది. అడ్డుపడటానికి ఆయన లేరు, ఉన్నది నేనొక్కదాన్ని, నా చేతికి ఈ ఇంట్లో రిమోట్ ఎవరూ ఇవ్వరు.