చీటీల డబ్బా సారు

నల్గొండ డిగ్రీ కాలేజీల మాకు స్టాటిస్టిక్స్ చెప్పిన సారు, బోర్డు కాడికి ఎవరినీ తానుగ పిలిచేటోడు గాదు. అందరి పేర్ల చీటీలు ఒక డబ్బాల వేసి, కండ్లు మూసుకొని ఒకటి తీసేటోడు. "నాదేం లేదు, అంతా చాన్సే" అని నవ్వేటోడు.

ఆ చాన్స్ ఎప్పుడు జూసినా నాకే వచ్చేది. నేను గొర్లు కాసేటోళ్ల బిడ్డను. నేను నోరు తెరువంగనే "లెక్క చెప్పమంటే మందను అదిలిస్తున్నవా?" అనేటోడు. క్లాసంతా నవ్వేది.

ఒకనాడు ఎక్స్‌పెక్టెడ్ వ్యాల్యూ, అంటే సగటున ఎంత రావాల్నో లెక్కగట్టే పాఠం చెప్పి, మళ్ల నా పేరే తీసిండు. నేను పోయి బోర్డు మీద నా లెక్కే వేసిన.

"సార్, క్లాసుల యాభై మందిమి. తీసిన చీటీ మళ్ల డబ్బాలనే వేస్తరు. యాభై సార్లు తీస్తే సగటున నా వంతు ఒక్కసారి. మరి నా పేరు ఇరవై సార్లు ఎట్లొచ్చింది?"

అంటనే డబ్బాను టేబుల్ మీద బోర్లిచ్చిన. సగం చీటీల మీద నా పేరే ఉంది.

ఎవ్వలూ నవ్వలే. సారు ఒక్కొక్క చీటీ ఏరి మళ్ల డబ్బాల వేసుకున్నడు. నాకు జర గూడ పాపమనిపియ్యలే.

మొన్న బస్టాండుల కలిసిండు. రిటైరైండంట. "ఏం చేస్తున్నవమ్మా?" అన్నడు.

"పిల్లలకు స్టాటిస్టిక్స్ చెప్తున్న సార్. ఎక్స్‌పెక్టెడ్ వ్యాల్యూ వచ్చినప్పుడల్లా మీ సంగతే చెప్త."

"నా పేరు గూడ చెప్తవా?" అని మెల్లగ అడిగిండు.

"పేరుతోనే మొదలువెడ్త సార్."